నాలుగు శనివారాల చొక్కా

ఆ సోమవారం ఉదయం విశ్వవిద్యాలయం మెట్లెక్కేటప్పుడు నా దగ్గర ఉన్నవి ఇవి: కుడిచేతిలో గొడుగు, ఎడమచేతిలో మనవరాలి వేళ్లు, చంకలో డజను చిన్న స్టీలు పళ్లాల పొట్లం, నోట్లో ఎనిమిది నెలల వయసున్న ఒక అబద్ధం. మొదటి మూడూ కలిసినా పెద్ద బరువు కాదు.

కిందటి వారం ఎక్కడ ఆపానో గుర్తుచేస్తాను. విశ్వవిద్యాలయంలో పసిపిల్లల కేంద్రం ఒకటుంది. పిల్లల్ని చూసుకోవడమూ అక్కడివాళ్ల పనే, చూసింది రాసుకుని పరిశోధన చేయడమూ వాళ్ల పనే. నా భార్య పోయింది, అల్లుడు ఓడ మీద పనిచేస్తాడు, కూతురు శనివారాలతో సహా ఉద్యోగానికి వెళుతుంది, నాకు గిన్నెల కొట్టుంది. అందుకని మనవరాలు పొద్దున్నుంచి మధ్యాహ్నం దాకా కేంద్రంలో, ఆ తర్వాత సాయంత్రం దాకా నా కొట్టులో ఉంటుంది. దాన్ని మేము బొంగరం అంటాం. గిన్నెల మూతల్ని నేలమీద బొంగరాల్లా తిప్పుతుంది. అవి వణుకుతూ పడిపోయేటప్పుడు అరచెయ్యి ఆనించి కిలకిలా నవ్వుతుంది. రెండేళ్ల పది నెలలు నిండాయి, ఒక్క మాట రాలేదు. శుక్రవారం నాడు కేంద్రంలో టీచరు పిల్లల వెనక నిలబడి గంట వాయించింది. తొమ్మిది తలలు తిరిగాయి. బొంగరం తల తిరగలేదు. టీచరు దగ్గరికొచ్చి మళ్లీ వాయించింది. పిల్లలకి మనం కనపడని అద్దం ఇవతల నుంచి నేను అంతా చూశాను. సాయంత్రం కబురొచ్చింది, సోమవారం పెద్ద మేడమ్ రమ్మంటున్నారని.

పళ్లాల పొట్లం ఎందుకు పట్టుకెళ్లానో వేరే చెప్పక్కర్లేదు. సరుకు మీద ఫిర్యాదు వస్తుందని తెలిసినప్పుడు ఖాళీ చేతులతో ఎదురెళ్లేవాడు వ్యాపారం చేయలేడు.

ఆయా బొంగరాన్ని ఆటగదిలోకి తీసుకెళ్లింది. నన్ను అద్దం ఇవతల ఉన్న పక్క గదిలోకి పంపారు. అందులో ఉన్న పెద్ద కుర్చీలు రెండే. ఒకదాంట్లో పెద్ద మేడమ్, రెండోదాంట్లో కళ్లజోడు అమ్మాయి కూర్చున్నారు. ఆ అమ్మాయి పరిశోధన చేస్తోంది, మా ఫైలు ఆమె చేతిలోనే ఉంటుంది. మిగిలినవన్నీ పిల్లల కుర్చీలే. ఒకదాంట్లో కూర్చున్నాను. మోకాళ్లు గడ్డానికి వచ్చాయి. లేచి తన కుర్చీ ఇవ్వబోయింది అమ్మాయి. ఇదే బాగుందన్నాను. ఎంత చిన్నగా కనపడితే అంత మంచిదని అప్పటికే లోపల ఎక్కడో అనిపించి ఉంటుంది.

"ఏమిటవి?" అంది పెద్ద మేడమ్ పొట్లం చూసి.

"పళ్లాలమ్మా. పిల్లలు వంటాట ఆడుకుంటారని. అంచులు మడిచినవి, చెయ్యి కోసుకోదు."

"పోయిన నెల గ్లాసులిచ్చారు. అంతకుముందు గరిటెలు."

"నా దగ్గర దొరికేవి అవే కదమ్మా."

ఆమె పొట్లాన్ని బల్ల అంచుకి జరిపింది. ముప్ఫై అయిదేళ్లలో సరుకు వెనక్కి నెట్టినవాళ్లని చాలామందిని చూశాను. ఇంత మర్యాదగా నెట్టినవాళ్లని చూడలేదు.

"చొక్కా గురించి మాట్లాడదాం," అంది.

ఆ చొక్కా సంగతి చదివేవాళ్లకి చెప్పాలి. చేతుల్లేని నూలు చొక్కా. గుండెల దగ్గర జేబు, జేబులో అగ్గిపెట్టెంత యంత్రం. కేంద్రంలో చేరిన ప్రతి పిల్లా నాలుగు శనివారాలు ఇంటిదగ్గర పొద్దున్నుంచి సాయంత్రం దాకా దాన్ని తొడుక్కుని ఉండాలి. పెద్దవాళ్లు పిల్లతో ఎన్ని మాటలన్నారు, పిల్ల ఎన్నిసార్లు గొంతెత్తింది, ఒకరికొకరు ఎన్నిసార్లు బదులిచ్చుకున్నారు, అన్నీ యంత్రమే లెక్కపెడుతుంది. మనుషులు కూర్చుని వినరు. అనుమానం వస్తే తప్ప.

"శుక్రవారం గంట చూశాక నేను ఫైలు తీశాను తాతగారూ," అంది కళ్లజోడు అమ్మాయి. "లెక్క ప్రకారం ఈ పాప శనివారాలు గలగలా మాట్లాడింది. సరే, ఏం మాట్లాడుతుందో విందామని కూర్చున్నాను. 'మా నాన్న మిషను తొక్కుతున్నాడు, నేను కత్తెర ముట్టుకోను' అంటోంది."

"అంటుందమ్మా. చురుకైన పిల్ల."

"వాళ్ల నాన్న ఓడమీద కదా ఉన్నాడు?"

"పిల్లలు ఊహించుకుని చెబుతుంటారు."

"వెనక కుట్టుమిషను వినిపిస్తోంది."

"మా పక్క కొట్టు దర్జీదమ్మా. మధ్యలో గోడ పలచన."

"మిషను చొక్కాకి మూరెడు దూరంలో ఉంది తాతగారూ. సూది దిగడం కూడా వినిపిస్తోంది."

సరుకులో లోపం బయటపడినప్పుడు కొట్టువాడు ముందు దాన్ని పొగుడుతాడు. తర్వాత అది అసలు లోపమే కాదంటాడు. ఆ తర్వాత నోరు మూసుకుంటాడు. నేను రెండు నిమిషాల్లో మూడో చోటికి వచ్చేశాను.

"ఎవరి పాప?" అంది పెద్ద మేడమ్.

"దర్జీ కూతురు. వసపిట్ట అంటాం దాన్ని. మా దాని ఈడుదే."

"ఆయనకి తెలుసా?"

"తెలీదమ్మా. చొక్కా కొలత సరిచూడాలి, రోజంతా తొడుక్కుంటేనే తెలుస్తుందన్నాను."

"దర్జీకా చెప్పారు, కొలత సంగతి?"

"నవ్వాడు. పిల్ల ముచ్చటపడుతోంది కదా అని ఊరుకున్నాడు."

ఆమె నవ్వలేదు. "నాలుగు శనివారాలూ?"

"నాలుగూ."

ఎందుకు అని ఆమె అడగలేదు. అడిగితే బాగుండేది, చెప్పుకునేవాణ్ణి. అడగకపోయినా చెప్పాను. ఆ కేంద్రంలో చోటు కోసం ఎంతమంది కాచుకుని ఉన్నారో నాకు తెలుసు. చేరిన రోజున ఇచ్చిన కాగితంలో, ఇంట్లో పిల్లతో ఎవరెవరు ఎంతసేపు మాట్లాడతారని అడిగారు. నేను పెన్ను పట్టుకుని ఆగిపోయాను. మా ఇంట్లో మాటలెక్కడివి? నా మాటలన్నీ కొనేవాళ్లకి పోతాయి. నా కూతురు రోజంతా ఫోన్‌లో ఎవరెవరి ఫిర్యాదులకో సమాధానాలు చెప్పే పని చేస్తుంది. ఇంటికొచ్చేసరికి దాని నోట్లో మాట మిగలదు. ఆ కాగితం నాకు పరీక్షలా కనిపించింది. మాటలు తక్కువైతే పేరు కొట్టేసి, మాటలున్న ఇంటి పిల్లని తెచ్చుకుంటారనుకున్నాను. నేనే వాళ్ల చోట ఉంటే అదే చేసేవాణ్ణి. అందుకని కొట్టులో చేసేదే అక్కడా చేశాను. సొట్టపడినవాటిని వెనక పెట్టి, మెరిసేదాన్ని ముందు పెట్టాను.

"మాటలు తక్కువైతే చోటు పోతుందని మీకెవరు చెప్పారు?"

"ఎవరూ చెప్పలేదమ్మా. నేనే అనుకున్నాను."

"మాకు అన్ని ఇళ్లూ కావాలి. మాటలు లేని ఇల్లు ఇంకా ముఖ్యం." ఆమె జుట్టులో గుచ్చుకున్న పెన్సిలు తీసి బల్లమీద పెట్టింది. "తక్కువ మాటలు వచ్చిన పిల్లని మేమేం చేస్తామో చెప్పనా? పదిహేను రోజుల్లో చెవుల పరీక్షకి పంపిస్తాం. ఈ వరండా చివరి గది."

ఆ గది నాకు తెలుసు. తలుపుమీద చెవి బొమ్మ ఉంటుంది. ఎనిమిది నెలలుగా బొంగరాన్ని దింపి వెళ్లేటప్పుడు రోజూ దాని ముందునుంచే పోతున్నాను.

"ఇక్కడ ఒక్క మాట మాట్లాడకపోయినా మేం కంగారు పడలేదు," అంది. "శనివారాల లెక్క చూసి, ఇంట్లో బాగా మాట్లాడుతుంది, కొత్తచోట బిడియం అని రాసుకున్నాం. అలాంటి పిల్లలు ఉంటారు. వాళ్ల మీద ఒత్తిడి పెట్టకూడదు, ఆగాలి. ఆగాం. మా తప్పు లేదనను. ఒక్క అంకెని అంత నమ్మాల్సింది కాదు."

తప్పులో వాటా తీసుకోవడానికి ఆమె ముందుకు రావడం నాకు ఊరటనివ్వాల్సింది. ఇవ్వలేదు. ముప్ఫై నాలుగు నెలల వయసులో ఎనిమిది నెలలు. నాలుగో వంతుకి దగ్గర. నా వయసులో నాలుగో వంతంటే పదిహేనేళ్లు పైమాటే. ఎవరైనా నా పదిహేనేళ్లు తీసి దాచేసి, మీ మంచికే అంటే వాణ్ణి ఏం చేసేవాణ్ణో కూడా లెక్కవేశాను.

"వినపడదా దానికి?" అన్నాను.

"ఎంత వినపడుతోందో బుధవారం పరీక్షలో తెలుస్తుంది. పుట్టినప్పుడు చేసిన పరీక్షలో బాగానే ఉంది. ఏడాదిన్నరప్పుడు పెద్ద జ్వరం వచ్చిందని మీరే రాశారు. అప్పుడు తగ్గి ఉండొచ్చు. పరీక్షకి తల్లి సంతకం కావాలి. ఫోన్ చేశాం, బయల్దేరింది. ఎందుకింత ఆలస్యమైందో ఆమెకి తెలియాలి. మీరు చెబుతారా, నన్ను చెప్పమంటారా?"

"ఇంటికెళ్లాక నిదానంగా చెబుతానమ్మా."

"నిదానం అయిపోయింది," అంది పెద్ద మేడమ్.

అప్పుడు నేను అడగకూడనిది అడిగాను. కళ్లజోడు అమ్మాయి వైపు తిరిగి, "నాలుగూ విన్నావా తల్లీ?" అన్నాను.

"మొదటివి రెండూ కొంచెం కొంచెం విన్నాను. మూడోదాంట్లో ఏదో పెద్ద చప్పుడుంది. చెవులు గింగురుమని ఆపేశాను."

"మంచి పని చేశావు," అన్నాను. ఆ అమ్మాయి నన్ను ఒక క్షణం ఎక్కువే చూసింది.

అద్దం అవతల బొంగరం ఒక మూతని నిలబెట్టి తిప్పుతోంది. చుట్టూ పిల్లలు అరుస్తున్నారో పాడుతున్నారో, నోళ్లు మాత్రం కదులుతున్నాయి. మా గదిలో స్పీకరు ఆపేసి ఉంది. ఏ చప్పుడూ లేకుండా చూస్తే ఆ గది ఎలా ఉంటుందో అప్పుడు నాకు తెలిసింది. బొంగరానికి ఎప్పుడూ అలాగే ఉంటుందేమో.

నా కూతురు పావుగంటలో వచ్చింది. ఆఫీసులో తలకి పెట్టుకునే ఫోను ముద్ర జుట్టు మీద గాడిలా పడి ఉంది. చేతిలో నీలం అట్ట నోటుపుస్తకం. నన్ను చూసి, "నువ్వూ వచ్చావా నాన్నా, కొట్టు ఎవరు చూస్తున్నారు?" అంటూ పక్కనే ఉన్న చిన్న కుర్చీలో కూర్చుంది. నేనింకా నోరు విప్పలేదు. తనే మొదలుపెట్టింది.

"మేడమ్, మీరు పిలిపించింది ఎందుకో నాకు తెలుసు. తప్పు నాదే."

"మీది కాదమ్మా," అంది పెద్ద మేడమ్.

"ఒక్క నిమిషం చెప్పనివ్వండి. ఎనిమిది నెలల నుంచి మీరు ఇంటికి పంపిన లెక్కల కాగితాలు చూస్తూనే ఉన్నాను. నాన్న దగ్గర మాట్లాడుతుంది. నా దగ్గర మాట్లాడదు. నేను ఇంటికొచ్చేసరికి నోరు మూసేస్తుంది. పిలిస్తే తిరగదు. మొదట్లో అలిగిందనుకున్నాను. తర్వాత, నన్ను అసలు అమ్మలా చూడట్లేదేమో అనుకున్నాను." ఫోన్‌లో మాట్లాడే గొంతుతోనే చెబుతోంది, చదునుగా, ఎదుటివాళ్లని శాంతపరుస్తున్నట్టుగా. "ఒకరోజు నాన్న అన్నాడు, నీకు వినే తీరిక ఉంటే నీతోనూ మాట్లాడుతుందని. నిజమే. అప్పటినుంచి రోజూ దాని ముందు గంటసేపు కూర్చుంటున్నాను. అయినా నాతో మాట్లాడదు."

ఆ మాట నేనన్నాను. భోజనం చేస్తూ అన్నాను. అన్న తర్వాత ఇంకోసారి వడ్డించుకున్నాను కూడా.

"ఇది మీకు పనికొస్తుందని తెచ్చాను," అని నోటుపుస్తకం పెద్ద మేడమ్ ముందు పెట్టింది. "నాన్న దగ్గర అది ఏ రోజు ఏ మాట అందో తేదీలతో రాశాను. నలభై ఒక్క మాటలున్నాయి."

ఆ పుస్తకం గురించి నేనే చెప్పాలి. రోజూ సాయంత్రం కొట్టుకి వచ్చి, చెప్పులు విడవకముందే అడిగేది: "ఇవాళ ఏమంది నాన్నా?" ఏమీ అనలేదంటే కాగితంలో లెక్కకీ నా మాటకీ పొంతన కుదరదు. అందుకని ఏదో ఒకటి చెప్పేవాణ్ణి. నీళ్లు అంది. కాకి అంది. తోచని రోజున ఎదురుగా ఏది కనపడితే అది. మూత అంది. గరిటె అంది. ఒకరోజు బేరం మధ్యలో ఉండి జల్లెడ అందన్నాను. ఏ పసిపిల్లా జల్లెడ అనదు. నా కూతురు అదీ నమ్మి రాసుకుంది. పెద్ద మేడమ్ పేజీలు తిప్పుతుంటే దూరం నుంచే చూశాను. సగం పుస్తకం నా కొట్టులో సరుకే.

ఆమె పుస్తకం మూసి నా వైపు చూసింది. ఇక తప్పలేదు.

"తల్లీ," అన్నాను. "ఆ చొక్కా ఇది తొడుక్కోలేదు."

"ఏ చొక్కా?"

"శనివారాల చొక్కా. మాటలు తక్కువైతే చోటు పోతుందని భయపడి వసపిట్టకి వేశాను. కాగితంలో ఉన్న మాటలన్నీ దానివి."

ఆమె నన్ను కాదు, అద్దం అవతలకి చూసింది. "అంటే ఇది..."

"మాట్లాడలేదు. నా దగ్గరా మాట్లాడలేదు. ఎప్పుడూ మాట్లాడలేదు. వినపడట్లేదేమో అంటున్నారు. నేనలా చేయకపోతే ఎనిమిది నెలల కిందటే చూసేవాళ్లు."

చెప్పడానికి ఎంతసేపు పడుతుందోనని అంత భయపడ్డానా, నీళ్లు తాగినంత సేపు కూడా పట్టలేదు. నా కూతురు అరవలేదు. ఎదుటివాళ్లు అరుస్తుంటే అరవకుండా ఉండటమే దాని ఉద్యోగం. పుస్తకం దగ్గరికి లాక్కుంది.

"ఇందులోవి?"

"నేను చెప్పినవే."

"అన్నీనా?"

"అన్నీ."

పేజీలు తిప్పి ఒకచోట ఆగింది. అది నాకూ తెలిసిన పేజీయే. ఆమె పుట్టినరోజున ఏదైనా మంచిది ఇవ్వాలనిపించి ఒక మాట ఇచ్చాను. కింద రెండు గీతలు గీసుకుంది.

"'అమ్మ' కూడానా నాన్నా?"

నేను తలూపాను. ఆమె ఆ పేజీ మీద అరచెయ్యి ఆనించింది, బొంగరం మూతమీద ఆనించినట్టే. ఎంతసేపు అలా ఉంచిందో నాకు తెలియదు. జీవితంలో లెక్కపెట్టకుండా వదిలేసిన కాలం అదొక్కటే.

కళ్లజోడు అమ్మాయి మంచినీళ్ల గ్లాసు తెచ్చి పెట్టింది. నేనిచ్చిన గ్లాసే. ఎవరూ ముట్టుకోలేదు.

"నాకది వినాలనుంది," అంది నా కూతురు.

"ఏమిటమ్మా?"

"ఆ శనివారాలు. ఎనిమిది నెలలు అంకెలు చూసి నా కూతురి గొంతు ఎలా ఉంటుందో ఊహించుకున్నాను. అసలు అందులో ఏముందో ఒకసారి వినాలి."

"ఆ పాప మాటలు ఆమె తల్లిదండ్రుల్ని అడక్కుండా వినిపించకూడదు," అంది పెద్ద మేడమ్. "అవి తుడిచేయాలి. దర్జీ గారికి కూడా చెప్పాలి. ఇప్పుడు కాదు గానీ, మీ నాన్నగారే చెప్పాలి."

"నాన్న మాటలైతే?"

పెద్ద మేడమ్ ఆలోచించింది. "ఆయన మాటలున్న చోటు, ఆయన ఒప్పుకుంటే వినిపించవచ్చు."

కళ్లజోడు అమ్మాయి కాగితం చూసింది. "మొదటి రెండింట్లో తాతగారు దాదాపు లేరు. మూడోదాంట్లోనే ఒకచోట ఉన్నట్టుంది. ఆ చప్పుడు తర్వాత." నా వైపు తిరిగింది. "మీరు సరేనంటేనే తాతగారూ. వద్దనే హక్కు మీకుంది."

ఆ హక్కు నేను సంతకం పెట్టిన కాగితంలోనే ఉంది. ఒక్క మాట చాలు. నా కూతురు నన్ను చూస్తోంది. అందులో కోపం ఉంటే వద్దనేవాణ్ణి. కోపాన్ని తట్టుకోవడం నాకు అలవాటే. ఆ చూపులో ఇంకా కొంచెం నమ్మకం మిగిలి ఉంది, గిన్నె అడుగున అంటుకున్నంత. ఇంకేమీ దాచి ఉండడు అనుకుంటోంది.

"వినిపించమ్మా," అన్నాను.

యంత్రం పలికింది. ముందు దడదడమని గిన్నెల దొంతర కూలిన చప్పుడు. అమ్మాయి వెంటనే శబ్దం తగ్గించింది. ఒక పిల్ల కెవ్వుమన్న ఏడుపు. దర్జీ పరుగెత్తుకొచ్చిన అడుగులు, వాడి గొంతు: "ఏంటన్నా, కొట్టు కూలిందా? గుండె జారిపోయింది నాకు."

తర్వాత నా గొంతు. బతికుండగానే నా గొంతు నాకు పరాయిగా వినిపించింది, బాగా తిని కూర్చున్నవాడి గొంతులా. "నీ కూతుర్ని చూడు, నా మనవరాల్ని చూడు. ఇంత చప్పుడైతే కనురెప్ప కదిపిందేమో చూడరా. గిన్నెల కొట్టువాడి మనవరాలంటే ఇట్లా ఉండాలి."

"అదృష్టవంతుడివన్నా. నాది ఈగ వాలినా ఏడుస్తుంది." వాడు నవ్వుకుంటూ మిషను దగ్గరికి పోయాడు. మిషను మళ్లీ మొదలైంది. ఏడ్చిన పిల్ల ఎక్కిళ్లు పెడుతోంది.

"ఇక చాలేమో," అన్నాను. ఎవరూ ఆపలేదు.

కొంతసేపు ఎక్కిళ్లే. ఆ తర్వాత టంగుమని ఒక మూత పడింది. కాస్త ఆగి రెండోది. అది పెద్ద మూత. మళ్లీ ఆగి, మూడోది. ఇడ్లీ పాత్రంతటి పాత్ర నేలకి కొట్టినట్టు.

అప్పుడు ఆ పసిదాని గొంతు, మేం వినకూడని గొంతు, ఎక్కిళ్ల మధ్య వచ్చింది. "తాతా, ఎందుకు పడేస్తున్నావ్?"

నా గొంతు చెప్పింది: "ఏం లేదు. చెయ్యి జారింది."

అమ్మాయి గబుక్కున యంత్రం ఆపేసింది.

ఆ రోజు బొంగరం నాకు వీపు చేసి కూర్చుని ఉంది. దొంతర కూలినప్పుడు అది కదలకపోవడం నాకు గొప్పగా అనిపించిన మాట నిజం. దర్జీ వెళ్లాక ఆ గొప్ప కాస్తా అనుమానమైంది. ఒక మూత తీసి దాని వెనక వదిలాను. వసపిట్ట ఉలిక్కిపడింది. బొంగరం తిరగలేదు. రెండోది వదిలాను. మూడోదాన్ని రెండు చేతులతో ఎత్తి కొట్టాను. అప్పుడు తిరిగింది, నేల అదిరిందని. నేల మీద అరచెయ్యి పెట్టి నా మొహంలోకి చూసి నవ్వింది. నేనూ నవ్వాను. నిద్రమత్తులో ఉంది పిల్ల అని నాకు నేనే చెప్పుకుని, మూతలు సర్దేసి, ఆ సాయంత్రం నా కూతురితో, ఇవాళ 'నీళ్లు' అంది అన్నాను. పుస్తకంలో మొదటి మాట అదే.

పెద్ద మేడమ్ పెన్సిలు వైపు చూస్తోంది. నా కూతురు పుస్తకం మొదటి పేజీ తీసి తేదీ మీద వేలు పెట్టింది. ఆ వేలు తర్వాతి శనివారం దాకా నడిచింది. ఫిర్యాదుల్లో తేదీలు పోల్చి చూడటం దానికి రోజూ ఉండే పని.

"నాన్నా," అంది, మునుపటి గొంతుతోనే. "ఇది మూడో శనివారం."

"అవును తల్లీ."

"మొదటి మూడూ చోటు పోతుందని భయపడి వేశావు. సరే." అద్దం అవతల బొంగరం తిప్పిన మూత పడిపోవడానికి సిద్ధంగా వణుకుతోంది. "నాలుగో శనివారం ఎందుకు వేశావు?"

మెట్లెక్కేటప్పుడు నా దగ్గర ఉన్నవాటిని చూసుకున్నాను. గొడుగు తలుపు మూల నీళ్లు కారుస్తోంది. పళ్లాల పొట్లం ఎవరికీ అక్కర్లేక బల్ల అంచున ఉంది. మనవరాలి వేళ్లు అద్దం అవతల ఉన్నాయి. అబద్ధం నోరు దాటి వెళ్లిపోయింది. ఎనిమిది నెలలకి నాకు మిగిలింది నా కూతురు అడిగిన ఆ ఒక్క ప్రశ్న. దాని జవాబు నాకు తెలుసు. మూడో మూత నేలకి తగిలి, బొంగరానికి వినపడదని తెలిసినప్పటి నుంచీ తెలుసు.